నల్లరాయి మీద పేర్లు

(గ్రంథాలయ వారోత్సవాల్లో ఒక రిటైర్డ్ చరిత్ర అధ్యాపకురాలు చేసిన ప్రసంగానికి అక్షరరూపం)

వెనక వరసకి వినపడుతోందా అండీ? సరే.

చరిత్ర గురించి మాట్లాడమన్నారు. ఏ చరిత్ర అని అడిగితే "మీ ఇష్టం మేడం, గంటలోపు ముగిస్తే చాలు" అన్నారు కార్యదర్శి గారు. అందుకని నేను నేరుగా ఒక జెండా దగ్గర మొదలుపెడతాను.

మా అబ్బాయి వర్జీనియాలో ఉంటాడు. నేను మొదటిసారి వెళ్లినప్పుడు పార్సిల్ ఏదో పంపాలంటే వాడితో పాటు పోస్టాఫీసుకి వెళ్లాను. బయట స్తంభానికి అమెరికా జెండా, దాని కిందే ఒక నల్లజెండా. మనకి నల్లజెండా అంటే ఏమిటి? మంత్రిగారు ఊళ్లోకి వస్తుంటే చూపించేది. పోస్టాఫీసు వాళ్లు సమ్మె చేస్తున్నారు కాబోలు, ఇవాళ మన పని కాదురా అన్నాను. వాడు నవ్వి దగ్గరికి తీసుకెళ్లి చూపించాడు. జెండా మీద తల వంచుకున్న ఒక మనిషి నీడబొమ్మ ఉంది, వెనక కాపలా బురుజు, ముళ్లకంచె. కింద "మిమ్మల్ని మరిచిపోలేదు" అని రాసి ఉంది. వియత్నాం యుద్ధంలో బందీలైన సైనికుల కోసం, జాడ తెలియకుండా పోయినవాళ్ల కోసం వాళ్ల ఇళ్లవాళ్లు 1970ల మొదట్లో తయారు చేయించుకున్న జెండా అది. 2019లో ఏకంగా చట్టం చేశారు, ముఖ్యమైన కేంద్ర ప్రభుత్వ భవనాల మీద జాతీయ జెండా ఎగిరిన ప్రతిరోజూ ఇదీ ఎగరాలని. దక్షిణ వియత్నాం రాజధాని సైగాన్ పడిపోయి, యుద్ధం ముగిసి, అప్పటికి 44 ఏళ్లు.

తిరిగొచ్చేటప్పుడు ఎయిర్‌పోర్టులో ఇంకోటి చూశాను. విమానం ఎక్కేముందు, సైన్యంలో ఉన్నవాళ్లు ముందు రావచ్చని అనౌన్స్ చేశారు. ఒక కుర్రాడు, పాతికేళ్లు కూడా ఉండవు, బ్యాగు భుజాన వేసుకుని వెళుతుంటే పక్కనున్న పెద్దావిడ లేచి "మీ సేవకు కృతజ్ఞతలు" అంది. ఆ కుర్రాడు కాస్త ఇబ్బందిగా తలూపాడు. ఎంత మర్యాద అనుకున్నాను. ఆ మర్యాద వెనక పాత అపరాధ భావం ఒకటి ఉందని తర్వాత చదువుకుంటే తెలిసింది. అదేమిటో చెప్పడానికే ఇవాళ వచ్చాను.

నాకు వియత్నాం చిన్నప్పటి నుంచీ తెలిసిన పేరే. మా బాబాయి ఇంట్లో దేవుడి పటాలు ఉండాల్సిన గోడకి వియత్నాం కమ్యూనిస్టు నాయకుడు హోచిమిన్ ఫొటో ఉండేది. మా నాయనమ్మ ఆయన్ని ఎవరో సాధువనుకుని పూలు పెట్టేది. (నవ్వులు) మాకు తెలిసిన కథ ఒక్కటే: చిన్న దేశం పెద్ద దేశాన్ని ఓడించింది. అది నిజమే. అయితే ఆ రెండు దేశాల లోపల ఇళ్లల్లో ఏం జరిగిందో మాకు తెలియదు. మన దేశానికి అందులో ఒక పాత్ర ఉందని కూడా నేను ఎమ్మే చదివేదాకా తెలియదు. 1954లో జెనీవా ఒప్పందం కుదిరినప్పుడు దాని అమలు చూడటానికి వేసిన అంతర్జాతీయ కమిషన్‌కి అధ్యక్షత మనదే. పోలండ్, కెనడా సభ్యులు. 1956లో ఎన్నికలు జరిపి ఉత్తర, దక్షిణ వియత్నాంలను కలపాలని అనుకున్నారు. ఆ ఎన్నికలు జరగలేదు. ఉత్తరాన కమ్యూనిస్టులు, దక్షిణాన అమెరికా అండ ఉన్న ప్రభుత్వం, యుద్ధం వాళ్ల మధ్యే.

సరే, అమెరికా సంగతికి వస్తాను. ఆ యుద్ధాన్ని అమెరికా ఎప్పుడూ లాంఛనంగా ప్రకటించలేదు. 1964 ఆగస్టులో టోంకిన్ సింధుశాఖలో తమ ఓడల మీద దాడి జరిగిందని అధ్యక్షుడు జాన్సన్ చెబితే, సెనేట్‌లో 88 మంది సరేనన్నారు, ఇద్దరే కాదన్నారు. దిగువ సభలో కాదన్నవాళ్లు ఒక్కరూ లేరు. ఏది అవసరమైతే అది చేసుకోమని రాసిచ్చేశారు. ఆ దాడుల్లో రెండోది అసలు జరగనే లేదని తర్వాత బయటపడింది. 1969 నాటికి అక్కడ 5 లక్షల 40 వేలకు పైగా అమెరికన్ సైనికులు ఉన్నారు.

ఆ సైనికులు ఎవరన్నదే అసలు ప్రశ్న. అమెరికా సమాజం ఎక్కడ చీలిందో అక్కడే కనిపిస్తుంది.

అప్పట్లో డ్రాఫ్ట్ ఉండేది, అంటే చట్టం పిలిస్తే సైన్యంలోకి వెళ్లి తీరాలి. యుద్ధకాలంలో ఆ వయసు మగవాళ్లు సుమారు 2 కోట్ల 70 లక్షల మంది ఉంటే, 22 లక్షల మందిని అలా పట్టుకెళ్లారు. మిగతావాళ్లు ఎలా మిగిలారు? కాలేజీలో చదువుతుంటే వాయిదా. నేషనల్ గార్డ్‌లో, అంటే రాష్ట్రాల రిజర్వు సైన్యంలో, చోటు సంపాదిస్తే స్వదేశంలోనే డ్యూటీ, అది దొరకాలంటే మాత్రం తెలిసినవాళ్లుండాలి. లేదా మెడికల్ సర్టిఫికెట్. మెడికల్ సర్టిఫికెట్ గురించి ప్రభుత్వోద్యోగం చేసినవాళ్లకి నేను చెప్పక్కర్లేదు. (నవ్వులు) కాలేజీ ఫీజు కట్టలేనివాడు, ఇంటి డాక్టరు లేనివాడు, పల్లెటూరి రైతుబిడ్డ, నల్లజాతి కుర్రాడు, కార్మికుడి కొడుకు... వీళ్లు వెళ్లారు. 1966లో రక్షణమంత్రి మెక్‌నమారా ఇంకో పథకం పెట్టాడు. సైన్యం పరీక్షలో మార్కులు చాలని వాళ్లని కూడా ప్రమాణాలు తగ్గించి తీసుకోవడం. 3 లక్షల మందికి పైగా అలా చేరారు. పేదలకి ఉపకారం అని ప్రచారం చేశారు.

ఇది అన్యాయమని గోల పెరిగాక 1969 డిసెంబర్ 1న లాటరీ పెట్టారు. టీవీలో ప్రత్యక్ష ప్రసారం. సంవత్సరంలో ఉన్న 366 తేదీలూ నీలం రంగు ప్లాస్టిక్ గొట్టాల్లో చుట్టి గాజు జాడీలో పోశారు. మొదట వచ్చిన తేదీ సెప్టెంబర్ 14. 1944 నుంచి 1950 లోపు ఆ రోజున పుట్టిన కుర్రాళ్లందరికీ నంబర్ 1 అన్నమాట, వాళ్లనే ముందు పిలుస్తారు. చివరికి 195వ నంబరు దాకా పిలిచారు. జూన్ 8న పుట్టినవాళ్లు ఆఖరి నంబరు పడి బతికిపోయారు. ఇందులో ఒక వింత జరిగింది. గొట్టాల్ని నెలల వరసన డబ్బాలో పోశారు, సరిగ్గా కలపలేదు. దాంతో ఏడాది చివర పుట్టినవాళ్లకే చిన్న నంబర్లు ఎక్కువ పడ్డాయని లెక్కల వాళ్లు తర్వాత తేల్చారు. చీట్లపాటలో డబ్బా కలపకుండా చీటీ తీస్తే మన వీధిలో ఆడవాళ్లు ఊరుకుంటారా? అక్కడ ప్రాణాల చీటీలు అలా తీశారు.

వెళ్లననేవాళ్లు కొందరు కెనడా పారిపోయారు. ముహమ్మద్ అలీ పారిపోలేదు. 1967 ఏప్రిల్ 28న హ్యూస్టన్‌లో ఆయన పేరు పిలిస్తే ముందుకు అడుగు వేయకుండా నిలబడిపోయాడు. ప్రపంచ హెవీవెయిట్ టైటిల్ లాక్కున్నారు, ఐదేళ్ల జైలు శిక్ష వేశారు. అప్పీలు నడుస్తుండగా జైలుకి పోకపోయినా, బాక్సర్‌కి బంగారం లాంటి మూడేళ్లు పైగా రింగు ఎక్కనివ్వలేదు. 1971లో సుప్రీంకోర్టు శిక్ష కొట్టేసింది. అదే మనిషి చేత 1996 అట్లాంటా ఒలింపిక్స్‌లో జ్యోతి వెలిగించారు. 2005లో అధ్యక్షుడు బుష్ వైట్‌హౌస్‌కి పిలిచి పతకం వేశాడు. ఈ మధ్యలో జరిగిందేమిటో మీరే ఊహించుకోండి, ఎవరూ క్షమాపణ అనే మాట వాడినట్టు నాకైతే కనబడలేదు.

ఇప్పుడు ఒక వారం గురించి చెబుతాను. 1970 మే మొదటి వారం. యుద్ధం ముగిస్తానని గెలిచిన నిక్సన్ ఏప్రిల్ 30 రాత్రి టీవీలో కనిపించి, కంబోడియాలోకి సైన్యాన్ని పంపుతున్నానన్నాడు. కాలేజీలు భగ్గుమన్నాయి. మే 4న ఒహాయోలోని కెంట్ స్టేట్ యూనివర్సిటీలో నేషనల్ గార్డ్ కాల్పులు జరిపింది. 13 సెకన్లు, 67 తూటాలు. నలుగురు విద్యార్థులు చనిపోయారు, తొమ్మిది మంది గాయపడ్డారు. చనిపోయిన నలుగురిలో ఇద్దరు అసలు నిరసనలో లేరు. ఆ ఇద్దరిలో ఒకడు మన ఎన్‌సీసీ లాంటి సైనిక శిక్షణలో ఉన్న కుర్రాడు.

దేశం ఏమంది? గాలప్ సర్వేలో 58 శాతం మంది తప్పు విద్యార్థులదే అన్నారు. గార్డ్‌ది అన్నవాళ్లు 11 శాతం. చదువు చెప్పుకుని బతికిన మనిషిని, ఆ అంకె చదివినప్పుడు పుస్తకం మూసేశాను. నాలుగు రోజుల తర్వాత, మే 8న, న్యూయార్క్‌లో పిల్లలు సంతాప సభ పెట్టుకుంటే ఆకాశహర్మ్యాలు కట్టే కూలీలు పసుపు హెల్మెట్లతో వచ్చి వాళ్లని చితకబాదారు. చనిపోయిన విద్యార్థుల కోసం సిటీ హాలు మీద జెండాని సగానికి దించి ఉంచితే పైకి ఎగరేయించారు.

పైకి చూస్తే ఇది కూలీలు యుద్ధం వైపు, విద్యార్థులు శాంతి వైపు అన్నట్టుంది. నేనూ చాలా ఏళ్లు క్లాసులో అలాగే చెప్పాను, తప్పు చెప్పాను. ఆ కాలం సర్వేలు చూస్తే కాలేజీ చదువులు చదివినవాళ్లలోనే యుద్ధాన్ని సమర్థించినవాళ్లు ఎక్కువ. కూలీకి యుద్ధం మీద ప్రేమేమీ లేదు, పోయేది వాడి కొడుకే. వాడి మంట వేరు. నా కొడుకు బురదలో ఉంటే నువ్వు కాలేజీ పేరు చెప్పుకుని ఇంట్లో కూర్చుని, పైగా వాడు చేసేది పాపమని నాకు చెబుతావా అన్నది ఆ మంట. దాన్ని నిక్సన్ పసిగట్టాడు. అంతకు ఆరు నెలల ముందే "మౌనంగా ఉన్న మెజారిటీ" అన్న మాట వాడాడు. ఆ కూలీల సంఘం నాయకుణ్ణి వైట్‌హౌస్‌కి పిలిచి హెల్మెట్ కానుకగా పుచ్చుకున్నాడు, తర్వాత కార్మిక మంత్రిని చేశాడు. చదువుకున్నవాళ్ల మీద చదువుకోనివాళ్లకున్న కోపం ఓట్లు రాలుస్తుందని అమెరికా రాజకీయం అప్పుడు గట్టిగా నేర్చుకుంది. ఇవాళ్టి టీవీ చర్చలు చూసేవాళ్లకి మిగతాది చెప్పక్కర్లేదు.

ఇంకో అంకె ఉంది. ప్రభుత్వం మంచే చేస్తుందని నమ్ముతారా అని అక్కడ క్రమం తప్పకుండా అడుగుతారు. 1964లో 77 శాతం నమ్ముతామన్నారు. 1974లో 36 శాతం. నిక్సన్‌ని గద్దె దింపిన వాటర్‌గేట్ కుంభకోణం కూడా కలిసింది, ఒప్పుకుంటాను. కానీ దానికి ముందే, 1971లో, పెంటగాన్, అంటే రక్షణశాఖ, రహస్య పత్రాలు పత్రికల్లో వచ్చాయి. గెలవడం కష్టమని లోపల రాసుకుంటూనే బయట గెలుస్తున్నామని చెప్పారని జనం చదివారు.

మరి వెళ్లొచ్చిన కుర్రాళ్ల సంగతి? ఇక్కడికి వస్తే ఎయిర్‌పోర్టులో నేను చూసిన ఆ పెద్దావిడ గుర్తొస్తుంది. అమెరికాలో అందరూ నమ్మే కథ ఒకటుంది: వియత్నాం నుంచి తిరిగొచ్చిన సైనికుడు ఎయిర్‌పోర్టులో దిగగానే ఒక హిప్పీ అమ్మాయి మొహాన ఉమ్మేసిందని. జెర్రీ లెంబ్కీ అనే సోషియాలజిస్ట్, స్వయంగా వియత్నాం వెళ్లొచ్చినవాడు, ఆ కాలపు ఆధారాల కోసం వెతికాడు. నమ్మదగ్గ సాక్ష్యం ఆయనకి దొరకలేదు. ఆ కథలు ఎక్కువగా 1980లలో, సినిమాలొచ్చాక పెరిగాయంటాడు. అందరూ ఒప్పుకోలేదు, నాకే జరిగిందన్న సైనికులు ఉన్నారు. నాకు ఆసక్తి కలిగించింది వేరే విషయం. 1971 ఏప్రిల్‌లో కొన్ని వందల మంది మాజీ సైనికులే వాషింగ్టన్ వెళ్లి, కాంగ్రెస్ భవనం ముందు తమ పతకాలు విసిరికొట్టారు. ఆ దృశ్యం జనం జ్ఞాపకంలో మసకబారింది, ఉమ్మి మాత్రం మిగిలింది. ఓటమి ఎవరివల్ల అంటే, సైనికుడికీ జనరల్‌కీ కాకుండా ఎవరో ఒక హిప్పీ పిల్లకి అంటగట్టడం అందరికీ సులువు.

వాళ్ల మనసుకి తగిలిన దెబ్బకి పేరు కూడా ఆలస్యంగానే దొరికింది. పదేళ్లయినా నిద్రలో అరవడం, తలుపు చప్పుడైతే నేలకి పడుకుండిపోవడం. మందు అలవాటు, ఇంట్లో గొడవలు. 1970 నుంచి న్యూయార్క్‌లో మాజీ సైనికులు తమలో తాము కూర్చుని మాట్లాడుకోవడం మొదలుపెట్టారు, కొందరు సైకియాట్రిస్టులు వాళ్లతో కూర్చున్నారు. పోరాడి పోరాడి 1980లో ఆ బాధని మానసిక వైద్యుల అధికారిక గ్రంథంలో జబ్బుగా ఎక్కించారు. ఇప్పుడు మన డాక్టర్లు కూడా రోడ్డు ప్రమాదం నుంచి బయటపడ్డవాళ్ల గురించి, అత్యాచార బాధితుల గురించి పీటీఎస్‌డీ అంటున్నారు కదా, ఆ మాట పుట్టింది అక్కడ.

యుద్ధం జరిగినప్పుడు నువ్వెక్కడున్నావు అన్న ప్రశ్న మాత్రం అధ్యక్ష ఎన్నికల్ని వదల్లేదు. 1992లో క్లింటన్‌ని డ్రాఫ్ట్ తప్పించుకున్నావని నిలదీశారు. 2004లో ఇంకా విచిత్రం. టెక్సాస్‌లో గార్డ్ డ్యూటీ చేసిన బుష్ ఒకవైపు, వియత్నాంలో గాయపడి పతకాలు తెచ్చుకున్న కెర్రీ ఇంకోవైపు. చిత్తయింది కెర్రీ. పతకాలు ఎలా వచ్చాయని ప్రచారం చేశారు. వచ్చాక యుద్ధాన్ని తిట్టాడన్న కోపం అసలు కారణం.

ఇక గోడ, అంటే వియత్నాంలో పోయిన అమెరికన్ సైనికుల స్మారకం. మా అబ్బాయి వాషింగ్టన్ తీసుకెళ్లినప్పుడు నేను అడిగి మరీ చూసింది అదొక్కటే.

జాన్ స్క్రగ్స్ అనే మాజీ సైనికుడు పట్టుబట్టి, ప్రభుత్వ సొమ్ము తీసుకోకుండా విరాళాలతో కట్టించాడు. నమూనాల పోటీకి 1,421 ఎంట్రీలొచ్చాయి, పేర్లు లేకుండా నంబర్లతో. గెలిచింది 1026వ నంబరు. తీరా చూస్తే యేల్ యూనివర్సిటీలో ఇంకా చదువుకుంటున్న 21 ఏళ్ల అమ్మాయి, మాయా లిన్. చైనా నుంచి వచ్చినవాళ్ల బిడ్డ. అదే డిజైన్‌కి క్లాసులో ఆమెకి వచ్చింది బీ గ్రేడు. పేపర్లు దిద్దినదాన్ని కాబట్టి ఈ సంగతి తలుచుకున్నప్పుడల్లా నాకు టెన్షనే. (నవ్వులు)

గుర్రం మీద వీరుడు లేడు, జెండా లేదు, గెలుపూ ఓటమీ అన్న మాట లేదు. నేలలోకి దిగినట్టుండే రెండు నల్లరాతి గోడలు, వాటి మీద 58 వేలకు పైగా పేర్లు. అక్షరక్రమం కాదు, పోయిన తేదీ వరస. రెండు గోడలు కలిసే మూల దగ్గర మొదలై, చివరికి తిరిగి ఆ మూలకే వచ్చి ఆగుతాయి, మొదట పోయినవాడూ చివర పోయినవాడూ పక్కపక్కన ఉండేటట్టు. దీనికీ పెద్ద గొడవ. "సిగ్గుచేటైన నల్ల గాయం" అని ఒక మాజీ సైనికుడే తిట్టాడు. తెల్లరాయి పెట్టమన్నారు. ఆ పిల్ల మొహం చూసి ఆసియా మనిషి కట్టేదేమిటన్నవాళ్లూ ఉన్నారు. ఇంటీరియర్ శాఖ మంత్రి అనుమతి ఆపేస్తే, ముగ్గురు సైనికుల కంచు విగ్రహం కూడా పెడతామని రాజీపడి 1982 నవంబర్ 13న గోడని ఆవిష్కరించారు.

ఆ రాయి ఎక్కడిదో తెలుసా? బెంగళూరు దగ్గరిది. మంచి నల్ల గ్రానైట్ కెనడాలో, స్వీడన్‌లో కూడా దొరుకుతుంది. డ్రాఫ్ట్ తప్పించుకున్నవాళ్లకి ఆశ్రయమిచ్చిన దేశాల రాయి మాకొద్దన్నారని చెబుతారు. రాయి మీద కూడా పట్టింపు చూడండి. మన చీమకుర్తి రాయి ఏ దేశంలో ఏ వంటగదిలో ఉందో మనకి తెలియనట్టే, ఆ క్వారీలో పనిచేసినవాళ్లకి కూడా అది ఎందుకు వెళ్తోందో తెలిసి ఉండదు.

నేను వెళ్లినప్పుడు ఒక ముసలాయన కాగితం గోడకి ఆనించి, పెన్సిల్‌తో రుద్దుతున్నాడు, పేరు అచ్చు దిగడానికి. రాయి అద్దంలా ఉంటుంది. ఆయన మొహం, వెనకాల చీర కట్టుకున్న నేను, మా ఇద్దరి మీదుగా ఆ పేర్లు. జనం అక్కడ ఉత్తరాలు, బూట్లు, సిగరెట్లు, బీరు డబ్బాలు పెట్టి వెళతారు. పార్కు వాళ్లు వాటిని సేకరించి దాస్తున్నారు, లక్షల వస్తువులు.

అక్కడ నిలబడి నేనొక లెక్క వేసుకున్నాను. రెండు గోడలు కలిపి 150 మీటర్లు. వియత్నాం ప్రభుత్వం 1995లో చెప్పిన లెక్క ప్రకారం తమవైపు పోరాడి చనిపోయినవాళ్లు 11 లక్షలు, సామాన్యులు 20 లక్షలు. వాళ్ల పేర్లూ ఇదే అక్షరాల్లో చెక్కితే గోడ ఎనిమిది కిలోమీటర్లవుతుంది. అందులో దక్షిణ వియత్నాం సైన్యం తరఫున చచ్చిపోయిన రెండు లక్షల పైచిలుకు మంది లేరు. వాళ్లు అమెరికా గోడ మీదా లేరు.

వియత్నాంలో దీన్ని అమెరికా యుద్ధం అంటారు. ఏప్రిల్ 30 అక్కడ విముక్తి దినం, సెలవు. అదే రోజు కాలిఫోర్నియాలో ఉన్న వియత్నాం వాళ్లకి నల్ల ఏప్రిల్. మనకిది కొత్తగా అనిపించకూడదు. సెప్టెంబర్ 17 వస్తే హైదరాబాద్‌లో విమోచనమా, విలీనమా, విద్రోహమా అని ఇప్పటికీ తేలలేదు. 2022లో ఒకే రోజు ఒకే ఊళ్లో కేంద్రం ఒక పేరుతో, రాష్ట్రం ఒక పేరుతో రెండు పండగలు చేశాయి. కాలిఫోర్నియాలోని వెస్ట్‌మినిస్టర్‌లో 1999లో ఒక వీడియో షాపతను హోచిమిన్ ఫొటో తగిలిస్తే, పడవల్లో పారిపోయి వచ్చి అక్కడ స్థిరపడినవాళ్లు వేలమంది యాభై రోజులకు పైగా షాపు ముందు నిలబడ్డారు. మా బాబాయి గోడ మీది ఫొటోయే అండీ. ఎవరి గోడ మీద ఉందన్నదాన్ని బట్టి దాని అర్థం మారిపోయింది.

గెలిచినవాళ్లలో ఒకాయన ఈ మాట బయటికి అన్నాడు. వో వాన్ కియెట్, వియత్నాం మాజీ ప్రధాని. 1966లో అమెరికన్ల దాడిలో భార్యనీ ఇద్దరు పిల్లల్నీ పోగొట్టుకున్న మనిషి. ఏప్రిల్ 30 తలుచుకుంటే లక్షలాది మంది సంతోషిస్తారు, లక్షలాది మంది దుఃఖిస్తారు అన్నాడు 2005లో. అప్పటిదాకా ఓడినవాళ్ల దుఃఖం లెక్కలోకి రాలేదు. సైగాన్ దగ్గర బియెన్ హోవాలో ఓడిన సైన్యానికి పెద్ద శ్మశానం ఉంది. దాని గుమ్మం దగ్గర దిగులుగా కూర్చున్న సైనికుడి విగ్రహాన్ని 1975లో పడగొట్టేశారు. 2006 దాకా ఆ శ్మశానం మిలిటరీ చేతిలోనే ఉంది. పాత సైన్యంలో పనిచేసినవాడి పిల్లలకి కాలేజీ సీట్లు కష్టం, కుటుంబ చరిత్ర అని ఒక ఫైలు ఉండేది.

వియత్నాం వాళ్లకి మనలాగే తద్దినాలున్నాయి. చనిపోయిన రోజున వండి, పూజగదిలో ఫొటో ముందు పెడతారు. పరాయిచోట దిక్కులేకుండా పోయినవాడి ఆత్మ తిరుగుతూ ఉంటుందని నమ్మకం. రెండు మూడు లక్షల మంది ఎముకలు దొరకలేదు. ఏ తిథిన పెట్టాలో తెలియదు. సోదె చెప్పేవాళ్లలాంటివాళ్లని వెంటబెట్టుకుని అడవుల్లో తవ్వించిన కుటుంబాలున్నాయి.

కార్యదర్శి గారు వాచీ చూసుకుంటున్నారు. ఒక్క సంగతి చెప్పి దిగిపోతాను. హియోనిక్ క్వాన్ అనే కొరియన్ మానవశాస్త్రవేత్త రాసింది. డా నాంగ్‌కి దక్షిణాన, రాళ్లు చెక్కే వాళ్ల ఇల్లు ఒకటి. ఆ ఇంటి పెద్దావిడకి ఇద్దరు కొడుకులు పోయారు. ఒకడు విప్లవ సైన్యంలో. వాడికి ప్రభుత్వం ఇచ్చిన వీరమరణ పత్రం గోడకి ఉంది. ఇంకొకడు అవతలి సైన్యంలో. వాడి పత్రం బీరువాలో దాచింది, చిన్న ఫొటో తన పడకగదిలో పెట్టుకుంది. యుద్ధం జరిగినన్నాళ్లూ ఆమె దేవతలకి మొక్కింది ఒక్కటే, నా ఇద్దరు పిల్లలూ యుద్ధంలో ఎదురెదురు పడకూడదని. 1996లో ఆమె ఆ చిన్న ఫొటోని పెద్దది చేయించింది. స్కూలు యూనిఫాంలో ఉన్నది. గోడ మీది పత్రం దింపించి, పూర్వీకుల పీఠం మీద అన్న ఫొటో పక్కన తమ్ముడిది పెట్టింది. మనవల్ని, ఇరుగుపొరుగుని భోజనానికి పిలిచింది. అందరూ కూర్చునే ముందు, వీడిని నా గదిలోంచి అన్న పక్కకి మార్చినట్టు చాలాసార్లు కల వచ్చిందని చెప్పి, వడ్డించమంది.